పెడర్సన్ రైఫిలా, గరాండ్ రైఫిలా? 1932లో మీరైతే దేన్ని ఎంచుకునేవారు?

తుపాకుల చరిత్ర చదివేవారి మధ్య ఎన్నటికీ తెగని వాదన ఒకటుంది. మొదటి ప్రపంచ యుద్ధం తర్వాత అమెరికా సైన్యం పరీక్షించిన సెల్ఫ్ లోడింగ్ రైఫిళ్లలో జాన్ పెడర్సన్ తయారుచేసినది మేలైనదా, జాన్ గరాండ్ తయారుచేసినది మేలైనదా? చివరికి గెలిచింది గరాండ్ కాబట్టి అదే గొప్పదని చాలామంది తేల్చేస్తారు. ఫలితం తెలిశాక ఎవరైనా సరిగ్గానే ఎంచుకుంటారు. అసలు పరీక్ష 1932 జనవరి నాటి సైనిక బోర్డులో సభ్యుడిగా కూర్చుని, అప్పటికి తెలిసిన విషయాలతోనే ఓటు వేయడం. ఈ వ్యాసం అలా కూర్చోబోయేవారి కోసం.

నా ఓటు గరాండ్‌కే. కానీ గుండు దూసుకుపోయే తీరునో, తుపాకీ అందాన్నో చూసి వేసిన ఓటు కాదిది. ఆ రెండింటిలో పెడర్సన్‌దే పైచేయి అన్నా నేను వాదించను. నేను ప్రతి తుపాకీనీ ఒకే ప్రశ్న అడుగుతాను: నువ్వు సక్రమంగా పనిచేయాలంటే తూటా ఎలా ఉండాలి? తూటా మీద ఎన్ని షరతులు పెడితే, ఆ తుపాకీని అంత అనుమానించాలి. ఎందుకంటే తుపాకీని రూపకర్త తన చేతిలో ఉంచుకోగలడు, తూటాను ఉంచుకోలేడు. దాన్ని ఎక్కడో ఎవరో లక్షల్లో తయారుచేస్తారు, ఏళ్ల తరబడి గోదాముల్లో పెడతారు, సైన్యం తన అవసరం కొద్దీ మారుస్తుంది.

ముందుగా మాటలు స్థిరపరుచుకుందాం. తూటా అంటే మొత్తం కార్ట్రిడ్జ్. దాని ముందు భాగం గుండు. మందును పట్టి ఉంచే ఇత్తడి భాగం తొడుగు. వెనుక పిన్ను దెబ్బకు నిప్పు పుట్టించే చిన్న టోపీ ప్రైమర్. సెల్ఫ్ లోడింగ్ రైఫిల్‌లో ట్రిగ్గర్ నొక్కిన ప్రతిసారీ ఒక్క గుండే పేలుతుంది. ఖాళీ తొడుగును బయటకు విసిరి తర్వాతి తూటాను చాంబర్‌లోకి (తుపాకీ గొట్టం, అంటే బ్యారెల్ వెనుక తూటా కూర్చునే గది) నెట్టే పని మాత్రం, అప్పుడే కాలిన మందు శక్తితో తుపాకీ తానే చేసుకుంటుంది. తెలుగు పత్రికలు చదివేవారికి ఎస్‌ఎల్‌ఆర్ అన్న మాట కొత్త కాదు. 1962 యుద్ధం తర్వాత ఇషాపూర్‌లో తయారై, సైన్యం నుంచి రాష్ట్ర పోలీసుల దాకా చేరిన రైఫిల్ పేరుగా అది దశాబ్దాల పాటు వార్తల్లో నిలిచింది. ఆ జాతి మొత్తానికీ పునాది ప్రశ్నలు అంతకు ముప్పై, నలభై ఏళ్ల ముందే తేలాయి.

బరిలో ఈ ఇద్దరే లేరు. 1908లో మెక్సికో సైన్యం జనరల్ మాన్యుయెల్ మోండ్రాగోన్ రూపొందించిన రైఫిల్‌ను స్వీకరించి, స్విట్జర్లాండ్‌లోని సిగ్ కంపెనీకి తయారీ అప్పగించింది. మెక్సికోలో ప్రభుత్వం కూలడంతో సరుకులో ఎక్కువ భాగం అక్కడికి చేరనే లేదు. మిగిలినవి మొదటి ప్రపంచ యుద్ధంలో జర్మన్ విమాన సిబ్బంది చేతికి వెళ్లాయి. కందకాల బురదకు తట్టుకోలేని యంత్రానికి ఆకాశం అనువైన చోటే. ఫ్రాన్స్ 1917-18లో 80 వేలకు పైగా సెల్ఫ్ లోడింగ్ రైఫిళ్లు తయారుచేసి నిజంగానే యుద్ధంలో దించింది. అవి బరువైనవి, పొడవైనవి, పైగా వాటికోసమే ప్రత్యేక క్లిప్పు (తూటాలను గుత్తిగా పట్టి ఉంచే లోహపు పట్టీ) కావాలి. డెన్మార్క్‌కు చెందిన సోరెన్ హాన్సెన్ బాంగ్ పద్ధతి ఇంకా విచిత్రమైనది. బ్యారెల్ చివర ఒక టోపీ ఉంటుంది. గుండు వెంట వచ్చే వాయువు దాన్ని ముందుకు లాగితే, ఆ లాగుడు కడ్డీ ద్వారా వెనక్కి చేరి బోల్ట్‌ను (చాంబర్‌ను వెనుక నుంచి మూసే లోహపు భాగాన్ని) తెరుస్తుంది. రైఫిల్‌గా అది ఎక్కడా నిలబడలేదు గానీ, బ్యారెల్ మూతి దగ్గర వాయువును పట్టుకోవాలన్న ఆలోచన మాత్రం ఇతరులను చాలాకాలం వదల్లేదు.

1929 వేసవిలో అమెరికా సైన్యపు అబర్డీన్ పరీక్షా క్షేత్రంలో జరిగిన పోటీకి బాంగ్ రైఫిల్‌తో పాటు చెక్ రూపకర్త హోలెక్ జెడ్‌హెచ్-29, సబ్‌మెషిన్ గన్‌తో పేరుపొందిన జాన్ థాంప్సన్ ఆటోరైఫిల్ కూడా వచ్చాయి. థాంప్సన్‌ది నా ప్రశ్న దగ్గరే ఆగిపోతుంది. ఆ తుపాకీలో తూటాలకు నూనె రాయడానికి లోపల మెత్తలు పెట్టారు. నూనె ఉంటే దుమ్ము అంటుతుంది, దుమ్ము అంటిన తూటా చాంబర్‌లోకి వెళ్తుంది. ఇక చెప్పేదేముంది. జెడ్‌హెచ్-29 గట్టి తుపాకీయే, తూటాను పెద్దగా ఏమీ అడగదు. ఐరోపాలో ఉండి కొనుక్కునే చిన్న దేశానికైతే నేను దాన్నే సూచిస్తాను. అమెరికా బోర్డు ముందు మిగిలినవి మాత్రం రెండే.

పెడర్సన్ 1881లో పుట్టినవాడు. రెమింగ్టన్ కంపెనీకి తుపాకులు రూపొందించి పేరు తెచ్చుకున్నాడు. మొదటి యుద్ధం చివర్లో అతడు చేసిన గమ్మత్తయిన పరికరం ఒకటుంది. సైనికుడి చేతిలోని మామూలు స్ప్రింగ్‌ఫీల్డ్ రైఫిల్ బోల్ట్ తీసి, దాని స్థానంలో ఈ పరికరాన్ని పెడితే చాలు, ఆ రైఫిలే చిన్న పిస్తోలు తూటాలు పేల్చే సెల్ఫ్ లోడింగ్ తుపాకీగా మారిపోతుంది. 1919 దాడుల కోసం రహస్యంగా 65 వేల దాకా తయారుచేయించారు. యుద్ధం ముందే ముగిసింది. తర్వాత వాటిలో దాదాపు అన్నిటినీ ధ్వంసం చేశారు. ఇంతటి తెలివైనవాడు స్వయంగా వచ్చి సెల్ఫ్ లోడింగ్ రైఫిల్ చేసిపెడతానంటే 1920లలో సైన్యం కాదనలేకపోయింది. స్ప్రింగ్‌ఫీల్డ్ ఆయుధ కర్మాగారంలోనే పనిచేసే చోటిచ్చింది.

అతడు మొదట తేల్చిన విషయం తుపాకీ గురించి కాదు, తూటా గురించి. అమెరికా సైన్యం వాడుతున్న .30 తూటా (అంటే 7.62 మి.మీ. గుండు, 63 మి.మీ. తొడుగు) తేలికైన సెల్ఫ్ లోడింగ్ రైఫిల్‌కు మరీ శక్తిమంతమైనదని అతడి అభిప్రాయం. అందుకే .276 పేరుతో 51 మి.మీ. తొడుగున్న చిన్న తూటాను తానే రూపొందించాడు. అది సైనికుడి భుజానికి తక్కువ దెబ్బ ఇస్తుంది. అదే బరువులో ఎక్కువ తూటాలు మోసుకెళ్లవచ్చు. తుపాకీ కూడా సుమారు 3.7 కిలోలకే తేలింది. ఈ ఆలోచనలో నాకు ఒక్క తప్పూ కనిపించదు. 1928లో మత్తిచ్చిన పందులపై కాల్చి గాయాల తీరును పరిశీలించినప్పుడు కూడా, మామూలు పోరాట దూరాల్లో చిన్న తూటాలు .30 కంటే వెనుకబడలేదు. రెండేళ్ల తర్వాత మేకలతో మళ్లీ అదే తంతు. అశ్వదళం, పదాతిదళం పెడర్సన్ రైఫిల్‌ను చూసి ముచ్చటపడ్డాయి.

ఇబ్బందంతా యంత్రంలో ఉంది. పెడర్సన్ రైఫిల్ వెనుక భాగం తాళం పడదు. మోకాలి కీలులా మడిచే రెండు లింకులు గుండు పేలగానే పైకి లేవడం మొదలుపెడతాయి. వాటి అంచుల వంపు వల్ల మొదట్లో ఆ లేవడం చాలా నెమ్మదిగా జరుగుతుంది, ఆ ఆలస్యంలోనే గుండు బ్యారెల్ దాటిపోతుంది. లెక్క ఎంతో నేర్పుగా వేశాడు. వాయువు పట్టే గొట్టం లేదు, పిస్టన్ లేదు, బ్యారెల్ మీద వేలాడే బరువేమీ లేదు. అయితే చాంబర్‌లో ఒత్తిడి ఇంకా మిగిలి ఉండగానే తొడుగు వెనక్కి కదలాలి. ఆ క్షణంలో తొడుగు ఉబ్బి చాంబర్ గోడలను గట్టిగా పట్టుకుని ఉంటుంది. బలవంతంగా లాగితే అది చిరిగిపోవచ్చు. అందుకే పెడర్సన్ ప్రతి తూటాకూ పల్చటి గట్టి మైనం పూత వేయించాడు. అది చేతికి అంటదు, దుమ్ము పట్టదు, చాంబర్ వేడికి మాత్రం జారుడు పొరగా మారుతుంది. థాంప్సన్ నూనె మెత్తలతో పోలిస్తే ఇది ఎంతో నాగరికమైన పరిష్కారం. పెడర్సన్‌ను తీసిపారేసేవారు ఈ తేడాను గమనించరు.

అయినా షరతు షరతే. మైనం పూత లేని తూటా దొరికిన రోజున ఆ రైఫిల్ మీద నమ్మకం పెట్టుకోలేం. శాంతికాలంలో ఒక కర్మాగారం, శ్రద్ధగల ఒక పర్యవేక్షకుడు ఉన్నప్పుడు మైనం పూత సమస్య కాదు. యుద్ధం వచ్చి పది చోట్ల, కొత్త చేతులతో కోట్ల తూటాలు చేయాల్సి వస్తే ఆ పల్చటి పొర ప్రతిసారీ సరిగ్గానే పడుతుందా? లింకుల వంపు అంచులను అదే కచ్చితత్వంతో కోయడం మరో తలనొప్పి. ఇక నేల మీద పడుకుని కాల్చేవాడి కళ్ల ముందే ఆ కీలు పైకి లేచి పడుతుంటుంది. దానికి కొంతకాలానికి అలవాటుపడతారేమో గానీ, ఫిర్యాదు మాత్రం నిజమైనదే. తొలి నమూనాల్లో పది తూటాల క్లిప్పు ఒక వైపు నుంచే లోపలికి వెళ్లేది. చీకట్లో, భయంలో దాన్ని తిప్పి చూసుకోవాల్సిన అవసరం సైనికుడికి ఉండకూడదు.

ఇప్పుడు గరాండ్. 1888లో కెనడాలోని క్విబెక్‌లో పుట్టి, చిన్నప్పుడే కుటుంబంతో అమెరికా వచ్చి, బట్టల మిల్లులో పనికి చేరి, యంత్రాల పని నేర్చుకున్నవాడు. 1919 నుంచి స్ప్రింగ్‌ఫీల్డ్‌లో ప్రభుత్వ ఉద్యోగి. అతడి మొదటి రైఫిళ్లు నా ప్రశ్న ముందు పెడర్సన్ కంటే ఘోరంగా ఓడిపోతాయి! పిన్ను దెబ్బకు ప్రైమర్ పేలినప్పుడు ఆ చిన్న టోపీ కొద్దిగా వెనక్కి జరుగుతుంది. ఆ వెంట్రుకవాసి కదలికతోనే బోల్ట్ తాళం తెరిపించాడు గరాండ్. తుపాకీ చిన్నదిగా, తేలికగా వచ్చింది. కానీ 1925లో సైన్యం కొత్త .30 తూటాకు మారింది. అందులో మందు మెల్లగా కాలే రకం, ప్రైమర్ జరగకుండా చుట్టూ నొక్కి బిగించారు. ఆరేళ్ల శ్రమ ఒక్కసారిగా పనికిరాకుండా పోయింది. తూటా మీద షరతు పెట్టిన తుపాకీ గతి ఏమిటో గరాండ్ తన చేతులతోనే తెలుసుకున్నాడు. నా దృష్టిలో ఈ కథ మొత్తానికీ మలుపు ఇదే. ఆ తర్వాత అతడు గీసిన ప్రతి గీతలో ఆ దెబ్బ గుర్తు కనిపిస్తుంది.

కొత్త నమూనా వాయువుతో నడుస్తుంది. గుండు బ్యారెల్ మూతి దాటే క్షణంలో అక్కడి చిన్న అరలో వాయువును పట్టి, దానితో ఒక పొడవాటి కడ్డీని వెనక్కి నెడుతుంది. కడ్డీలోని గాడి బోల్ట్‌ను మొదట తిప్పుతుంది, తర్వాతే వెనక్కి లాగుతుంది. బోల్ట్ ముందున్న రెండు చెవులు అప్పటిదాకా గట్టిగా తాళం పడి ఉంటాయి. తాళం తెరుచుకునేసరికి ఒత్తిడి తగ్గిపోతుంది. తొడుగు చాంబర్ గోడలను వదిలేస్తుంది. కాబట్టి మైనం అక్కర్లేదు, నూనె అక్కర్లేదు, ప్రైమర్ ఎలా ఉన్నా ఫర్వాలేదు. మామూలు తూటా చాలు. శుభ్రం చేయడానికి సైనికుడు పనిముట్లేవీ లేకుండానే దాన్ని విప్పి మళ్లీ బిగించుకోగలడు. బట్టల మిల్లులో, యంత్రాల దుకాణంలో గడిపినవాడు కనుక గరాండ్ దాన్ని ఎలా తయారుచేయాలో కూడా ఆలోచించాడు. తర్వాతి కాలంలో ఉత్పత్తికి కావాల్సిన పనిముట్ల రూపకల్పనలో కూడా అతడి చేయి ఉంది.

ఇది లోపాలు లేని తుపాకీ అనుకుంటే పొరపాటు. .276 పోటీలో అది పెడర్సన్ కంటే పొందికైనదని చెప్పలేం. మూతి దగ్గరి వాయు అర మసి పట్టేది. 1936 తర్వాత ఉత్పత్తిలోకి వెళ్లాక దాన్ని వదిలేసి, బ్యారెల్‌కు కింది వైపు చిన్న రంధ్రం పెట్టే పద్ధతికి మారాల్సి వచ్చింది. తొలి ఉత్పత్తిలో క్లిప్పులోని ఏడో తూటా దగ్గర ఇరుక్కునే జబ్బు ఒకటి కొంతకాలం వేధించింది. వానలో నూనె కొట్టుకుపోతే బోల్ట్ మొండికేసేది, దానికి ప్రత్యేకమైన గ్రీజు కావలసి వచ్చింది. ఇక్కడ నేను చూసే తేడా ఒకటుంది. ఈ జబ్బులన్నీ తుపాకీవి. తుపాకీని సరిచేస్తే నయమయ్యాయి. తూటాల కర్మాగారం గుమ్మం తొక్కాల్సిన అవసరం రాలేదు. (చివరి తూటా అయిపోయాక ఖాళీ క్లిప్పు 'టింగు'మని ఎగిరిపడే చప్పుడు విని శత్రువు లేచి కాల్చేవాడన్న కథ మీరు వినే ఉంటారు. యుద్ధం రొదలో, పక్కనే తోటి సైనికులు కాలుస్తుండగా, ఆ చప్పుడును లెక్కపెట్టుకుంటూ కూర్చునే శత్రువు ఎవరో నాకు తెలియదు.)

డబ్బు సంగతి కూడా బోర్డు ముందుంటుంది. పెడర్సన్ బయటి నుంచి వచ్చిన రూపకర్త, తన రైఫిల్ మీద పేటెంట్లు ఉన్నవాడు. గరాండ్ జీతగాడు, హక్కులను ప్రభుత్వానికే రాసిచ్చాడు. తర్వాత అతడి రైఫిళ్లు యాభై లక్షలకు పైగా తయారైనా రాయల్టీ కింద ఒక్క డాలర్ రాలేదు. అతడికి లక్ష డాలర్లు ఇవ్వాలన్న ప్రతిపాదన కాంగ్రెస్‌లో వీగిపోయింది. ఖజానా వైపు నుంచి చూస్తే ఇది గరాండ్‌కు అనుకూలం. న్యాయం వైపు నుంచి చూస్తే వేరే మాట.

1932 జనవరిలో నిజమైన బోర్డు .276 గరాండ్‌ను సిఫారసు చేసింది. అంటే తూటా పెడర్సన్‌ది, తుపాకీ గరాండ్‌ది. ఆ క్షణానికి నా ఓటూ అదే. ఫిబ్రవరిలో సైన్యాధ్యక్షుడు డగ్లస్ మెకార్థర్ అడ్డుపడ్డాడు. .276 పని ఆపేయండి, .30 తోనే కానివ్వండి అన్నాడు. ఆర్థిక మాంద్యం నడుస్తోంది. గోదాముల్లో .30 తూటాల నిల్వలున్నాయి. మెషిన్ గన్లన్నీ అదే తూటా వాడుతున్నాయి. రెండు రకాల తూటాలు సరఫరా చేయడం అతడికి ఇష్టం లేదు. సైనికుడి భుజం వైపు నుంచి ఆలోచిస్తే అది మంచి నిర్ణయం కాదని నా నమ్మకం. అదే అమెరికా సైన్యం 2022లో 6.8 మి.మీ. గుండు, 51 మి.మీ. తొడుగు ఉన్న తూటాతో కొత్త రైఫిల్‌ను ఎంచుకుందని తెలిస్తే పెడర్సన్ ఏమనుకునేవాడో.

అయితే ఆ ఆజ్ఞే రెండు తుపాకుల మధ్య తేడాను బయటపెట్టింది. పెడర్సన్ రైఫిల్, దాని తూటా, మైనం పూత ఒకదానికోసం ఒకటి పుట్టినవి. వాటిలో ఒకటి తీసేస్తే మిగిలిన రెండూ నిలవవు. తాళం పడని ఆ కీలు మీద .30 ఒత్తిడి పెట్టాలంటే రైఫిల్‌ను మొదటి నుంచి కట్టాలి. గరాండ్ దగ్గర .30 నమూనా అప్పటికే ఉంది. 1931 పరీక్షల్లో దాని బోల్ట్ పగిలింది కూడా. కొత్త బోల్ట్ వేసి, పది తూటాల క్లిప్పును ఎనిమిదికి తగ్గించి, కాస్త బరువు పెంచి పని కొనసాగించాడు. 1934లో 75 రైఫిళ్లు దళాల చేతికి వెళ్లాయి. 1936 జనవరి 9న ఎమ్1 పేరుతో స్వీకరించారు. తూకం 4.3 కిలోలు. పెడర్సన్ చూపించిన తేలిక అందులో లేదు, కానీ సైన్యం చేతిలో ఏ తూటా ఉంటే ఆ తూటాతో పనిచేసే రైఫిల్ అది.

కాబట్టి ఎంచుకోబోయేవారికి నా సలహా ఇలా ఉంటుంది. సైన్యం చిన్నదై, తూటాల కర్మాగారం మీ అదుపులోనే ఉండి, పాత నిల్వల బరువు లేకపోతే పెడర్సన్‌ను తప్పకుండా పరిశీలించండి. బ్రిటన్‌లో వికర్స్ కంపెనీ దాన్ని తయారుచేసి చూపించింది, జపాన్ కూడా ఆ కీలును అనుకరించి ప్రయోగాలు చేసింది. ఎవరూ చివరిదాకా నిలవలేదు గానీ, చూసిన ప్రతివారూ ఒకసారి ఆశపడ్డారు. పెద్ద సైన్యమై, తూటాల మీద మీ మాట చెల్లదనిపిస్తే గరాండ్‌ను తీసుకోండి. క్యాలిబర్, అంటే గుండు లావు, మార్చే అధికారం నిజంగా ఉంటే .276 గరాండ్‌ను మించినది ఆ బల్ల మీద లేదు. ప్రైమర్‌తో నడిచే రకం ఎంత తేలికగా కనిపించినా ముట్టుకోవద్దు.

యంత్రాల పనితనం చదవడానికే అయితే క్రమం తిప్పండి. ముందు పెడర్సన్ పేటెంటు బొమ్మలు చూడండి. తాళం లేకుండా ఆలస్యం ఎలా పుట్టించాడో అర్థమైతే, తాళం ఎందుకు కావాలో గరాండ్ బొమ్మల్లో మరింత బాగా అర్థమవుతుంది. మసాచుసెట్స్‌లో, ఆ చుట్టుపక్కల ఉండే తెలుగువారికి ఇంకో సౌకర్యం ఉంది. స్ప్రింగ్‌ఫీల్డ్ ఆయుధ కర్మాగారం ఇప్పుడు జాతీయ చారిత్రక స్థలం. ఇద్దరి ప్రయోగాత్మక రైఫిళ్లూ అక్కడి సేకరణలో ఉన్నాయి. అన్నీ ఎప్పుడూ ప్రదర్శనలోనే ఉండవు కాబట్టి, బయల్దేరే ముందు అడిగి తెలుసుకోవడం మంచిది.